‘పక్కా’ అన్న మాట మీద రెండేళ్ళు

2024 నవంబరు నెల దాదాపు మొత్తం నేను మా ఊళ్ళో పత్తి చేనులోనే ఉన్నాను. తెలంగాణ ప్రభుత్వ ఉద్యోగాల గ్రూప్-2 పరీక్ష డిసెంబరు 15, 16 తేదీల్లో అని అప్పటికే ప్రకటించారు. ఆ సంగతి నాకు తెలుసు. తెలిసీ చేనులో ఎందుకున్నానంటే, పరీక్ష జరగదని నా దగ్గర పక్కా సమాచారం ఉంది. పత్తి ఏరడానికి కూలీలు దొరకడం లేదు, బాపుకి నడుం నొప్పి, ఎలాగూ ఇంకో ఆర్నెల్లు వెనక్కి పోయే పరీక్షకి హనుమకొండలో రూం కిరాయి కట్టుకుంటూ కూర్చోవడం ఎందుకని బ్యాగు సర్దుకుని నర్సంపేట బస్సెక్కాను. తరవాత హాల్ టికెట్లు వచ్చాయి. వచ్చాక కూడా రెండు రోజులు నమ్మలేదు, చూడండి నా నమ్మకం ఎంత గట్టిదో.

పరీక్ష జరిగింది. రాశాను. పోయింది.

అప్లై చేసిన అయిదున్నర లక్షల మందిలో సగం మంది కూడా హాలుకి రాలేదు కాబట్టి, నాలాంటి వాళ్ళు ఇంకా చాలామందే ఉంటారని నా అనుమానం. అందరూ పత్తి చేన్లలోనే ఉండి ఉండరు, కొందరు పెళ్ళిళ్ళు చేసుకున్నారు, కొందరు హైదరాబాదులో డెలివరీ బండ్లు నడుపుతున్నారు, కొందరికి విసుగు పుట్టి వదిలేశారు. కానీ ‘ఈసారి కూడా జరగదులే’ అని నమ్మి ఆగినవాళ్ళు అందులో ఎంతమందో లెక్క ఎవరూ తియ్యరు.

ఆ పక్కా సమాచారం ఎక్కడిది అంటారా, ఒక టెలిగ్రామ్ ఛానల్ది. పేరు రాయను, ఇప్పటికీ నడుస్తోంది. దాన్ని నేను గుడ్డిగా ఏమీ నమ్మలేదు, లెక్క చూసుకునే నమ్మాను, అసలు బాధ అదే. నోటిఫికేషన్ 2022 డిసెంబరు చివర్లో వచ్చింది, 783 పోస్టులు. పరీక్ష 2023 ఆగస్టు 29, 30 అన్నారు. వాయిదా పడుతుందని ఛానల్లో పెట్టారు, పడింది. నవంబరు 2, 3 అన్నారు. ఛానల్లో మళ్ళీ అదే మాట, మళ్ళీ పడింది. 2024 జనవరి 6, 7 అన్నారు, అదీ పోయింది. ఆగస్టు 7, 8 అన్నారు, అదీ పోయింది. నాలుగుకి నాలుగు! మా ఊరి పంచాంగం అయ్యగారికి కూడా అంత రికార్డు లేదు. అలాంటివాడు అయిదోసారి ‘డిసెంబర్లో నో ఛాన్స్, పక్కా’ అంటే నమ్మకుండా ఎట్లా ఉంటాం?

ఇప్పుడు కూర్చుని చూస్తే ఆ నాలుగు వాయిదాలకీ నాలుగు వేరే వేరే కారణాలు ఉన్నాయి, అన్నీ పేపర్లో వచ్చినవే. మొదటిసారి అదే నెలలో వేరే పరీక్షలు ఉన్నాయని అభ్యర్థులు రోడ్డెక్కారు. రెండోసారి అసెంబ్లీ ఎన్నికలు, నవంబరు 30న పోలింగ్. మూడోసారి ప్రభుత్వం మారింది, పరీక్ష పెట్టే పబ్లిక్ సర్వీస్ కమిషన్లో రాజీనామాలు. నాలుగోసారి టీచర్ పోస్టుల పరీక్ష డీఎస్సీ జూలై 18 నుంచి ఆగస్టు 5 దాకా జరుగుతోంది, రెండురోజుల తేడాతో గ్రూప్-2 ఎట్లా రాస్తారని గొడవ. డిసెంబరుకి వచ్చేసరికి వీటిలో ఒక్కటీ మిగల్లేదు. ఎన్నికలు అయిపోయాయి, డీఎస్సీ అయిపోయింది. కారణాలు చూసినవాడికి ఈసారి జరుగుతుందని అర్థమయ్యేది. నేను కారణాలు చూడలేదు, చెప్పినాయన రికార్డు చూశాను. రోజూ ‘వాన పడుద్ది’ అని చెప్పేవాడు జూలై నెలలో పెద్ద జ్యోతిష్కుడైపోతాడు. ఎండాకాలం దాకా ఆగితే గానీ వాడి సంగతి తెలియదు.

అందుకే ఈ వ్యాసంలో నేను అనేది ఒకటే మాట. తక్కువ చదివినవాడికంటే తప్పు చదివినవాడు ఎక్కువ నష్టపోతాడు. తక్కువ చదివినవాడికి తనకి ఏం రాదో తెలుసు, ఆ చాప్టర్ దగ్గరకి రాగానే గుండె దడ వస్తుంది, ఆ దడే వాణ్ణి పుస్తకం ముందు కూర్చోబెడుతుంది. తప్పు చదివినవాడికి ఆ దడ ఉండదు. హాయిగా నిద్రపోతాడు. హాల్లో ఆ ప్రశ్న రాగానే నవ్వుకుంటూ బబుల్ నింపి పక్క ప్రశ్నకి పోతాడు.

తప్పు అంటే పచ్చి అబద్ధం అనుకోకండి. పచ్చి అబద్ధం ఎక్కువ రోజులు బతకదు, ఎవరో ఒకరు పట్టుకుంటారు. మమ్మల్ని ముంచినవి ఎక్కువ భాగం ఒకప్పుడు నిజమైనవి. మా రూంలో ఒకరోజు రాత్రి తెలంగాణ విస్తీర్ణం మీద పెద్ద లొల్లి అయింది. నా నోట్సులో 1,14,840 చదరపు కిలోమీటర్లు. మా రూమ్మేట్ పుస్తకంలో 1,12,077. ఇద్దరం పదిసార్లు రివిజన్ చేసినవాళ్ళమే, ఇద్దరికీ నిద్రలో లేపి అడిగినా అంకె వస్తుంది. చివరికి తేలిందేమిటంటే, రాష్ట్రం వచ్చిన కొత్తలోనే ఖమ్మం జిల్లా నుంచి ఏడు మండలాలు ఆంధ్రప్రదేశ్‌కి పోయాయి, అవి పోకముందు లెక్క నాది, పోయిన తరవాత లెక్క వాడిది. జనాభా కూడా అంతే, 2011 లెక్కల్లో ఆ మండలాలతో కలిపి 3 కోట్ల 51 లక్షల 93 వేలు చిల్లర, తీసేస్తే 3 కోట్ల 50 లక్షల 3 వేలు చిల్లర. నా నోట్సు ఎవరిదంటే 2014లో ప్రిపేర్ అయిన ఒక అన్నది, జిరాక్సుకి జిరాక్సు. ఆయన కరెక్టుగానే రాసుకున్నాడు పాపం. నేను పదేళ్ళ తరవాత దాన్ని బట్టీ పట్టాను.

ఇంకా బాగుండేది రామప్ప. పాలంపేట గుడి ఎక్కడికీ కదల్లేదు, 1213 నుంచీ అక్కడే ఉంది. కానీ మా రూంలో ఉన్న మూడు గైడ్లలో మూడు జిల్లాల్లో ఉంది. పాత దాంట్లో వరంగల్ జిల్లా. 2016 అక్టోబరులో జిల్లాలు విడగొట్టాక వేసిన దాంట్లో జయశంకర్ భూపాలపల్లి. 2019 ఫిబ్రవరిలో ములుగు కొత్త జిల్లా అయ్యాక వేసిన దాంట్లో ములుగు. 2021 జూలైలో యునెస్కో గుర్తింపు వచ్చాక రామప్ప మీద బిట్టు లేని మోడల్ పేపరే లేదు, అప్పటికీ ఒక కోచింగ్ వాళ్ళ టెస్టు పేపర్ కీలో, అదే జవాబుల పట్టికలో, భూపాలపల్లి అనే ఉంది. మేడారం సంగతీ అంతే. మా ఊరు వరంగల్ రూరల్ నుంచి 2021 ఆగస్టులో వరంగల్ జిల్లా అయింది, వరంగల్ అర్బనేమో హనుమకొండ జిల్లా అయింది, నా అడ్రస్సే నేను అప్లికేషన్లో ఒకసారి తప్పు రాశాను. సొంత జిల్లా పేరే నోరు తిరగనివాడికి గైడు వేసినవాణ్ణి అనే హక్కు ఉందా అంటే, ఉంది. వాడు డబ్బులు తీసుకున్నాడు, కవరు మీద ‘లేటెస్ట్ ఎడిషన్’ అని వేశాడు. మారింది ఆ ఒక్క కవరే.

తప్పు అంకెలు నేర్చుకుంటే రెండు మార్కులో మూడు మార్కులో పోతాయి, సరే. అసలు దెబ్బ వేరే చోట తగులుతుంది. ఏది చదవాలి, ఏది వదిలెయ్యాలి అన్న దగ్గర. గ్రూప్-2లో నాలుగు పేపర్లు, ఒక్కోటి 150 మార్కులు, మొత్తం 600. ఇది నోటిఫికేషన్లో రాసి ఉంది, ఎవరైనా చూడొచ్చు. కానీ మా లైబ్రరీలో సీనియర్లు చెప్పిన లెక్క వేరు. ‘ఎకానమీ ఎవ్వరికీ రాదు తమ్మీ, అందరికీ పోయేదే, తెలంగాణ ఉద్యమం గట్టిగ పట్టు, గండ్లనే ఫరక్ పడ్తది’ అన్నారు. నాకు కూడా ఆ మాట చాలా తియ్యగా వినిపించింది. మాది బీఏ, ఎకానమీ అంటే భయం. ఉద్యమం అంటే ఇష్టం. 1956 పెద్దమనుషుల ఒప్పందం నుంచి మొదలుపెట్టి ముల్కీ, 69 ఉద్యమం, ఆరు సూత్రాలు, 610 జీవో దాకా ఎవరు అడిగినా గంట మాట్లాడతాను. ఆ పేపర్ని నేను ఎనిమిదిసార్లు తిప్పాను. ఎకానమీ ఉన్న మూడో పేపర్ని ఒకటిన్నర సార్లు. ఆ ఒకటిన్నరలో అర కూడా చేను గట్టు మీద.

అందరూ ఉద్యమం గట్టిగా చదివితే ఆ పేపర్లో ఫరక్ ఎక్కణ్ణుంచి వస్తుంది? అందరికీ వచ్చేదాంట్లో తేడా ఉండదు, అందరూ వదిలేసిన దాంట్లోనే ఉంటుంది కదా. ఇంత చిన్న లెక్క రెండేళ్ళలో నాకు తట్టలేదు. తట్టకపోవడానికి కారణం తెలివి లేకపోవడం ఒక్కటే అనుకోను. చెప్పినమాట నా భయానికి సరిగ్గా సరిపోయింది, అందుకే తిరగేసి చూడబుద్ధి కాలేదు. మనకి ఇష్టమైన పని చెయ్యమనే సలహా మీదే ఎక్కువ అనుమానం పెట్టుకోవాలేమో. మా అవ్వ ఎప్పుడూ అంటది, మందు తియ్యగుందంటే అది మందో కాదో చూసుకో అని.

ఈ విషయం మాట్లాడినప్పుడల్లా మా రూమ్మేట్ ఒక వాదన తెస్తాడు. ‘అందరూ గదే మెటీరియల్ చదువుతున్నరు కదరా, తప్పయితే అందరికీ తప్పే, మనకొక్కరికే పోయేదేముంది?’ వినడానికి బాగానే ఉంటుంది. కానీ 783 పోస్టులకి పోటీ అయిదున్నర లక్షల మందితో కాదు, సరిగ్గా చదివిన ఒక రెండు మూడు వేల మందితో. వాళ్ళు ఆ గైడు చదివి ఉండరు, చదివినా పక్కన ఇంకోటి పెట్టుకుని చూసి ఉంటారు. మిగతా లక్షలమందితో కలిసి మునిగితే మునిగినట్టు కాదా?

ఇంకో వాదన ఉంది, దానికి మాత్రం నా దగ్గర అంత గట్టి జవాబు లేదు. ఒరిజినల్ చదవండి, నోటిఫికేషన్ చదవండి, రాష్ట్ర ఆర్థిక పరిస్థితి మీద ప్రభుత్వం వేసే సోషియో ఎకనమిక్ ఔట్‌లుక్ చదవండి, ప్రభుత్వ వెబ్‌సైటు చూడండి అని చెప్పడం తేలిక. ఆ ఔట్‌లుక్ ప్రతి ఏడూ బడ్జెట్‌తో పాటు వస్తుంది, ఊరికే డౌన్‌లోడ్ చేసుకోవచ్చు, నిజమే. వందల పేజీల ఇంగ్లిష్, నిండా పట్టికలు. పది దాకా ఊరి స్కూల్లో తెలుగు మీడియం చదివి వచ్చినవాడు దాన్ని ముందేసుకుంటే మొదటి పేజీ దాటడానికి ఒక పూట పడుతుంది. అదే ఛానల్లో ‘ఔట్‌లుక్ మొత్తం 12 పేజీల్లో, తెలుగులో’ అని వస్తుంది. ఎవడైనా దేనికి పోతాడు? నేనూ పోయాను. ఆ పన్నెండు పేజీల్లో రెండు పట్టికల్లో సంవత్సరాలు తారుమారయ్యాయి, పోయినేడాది అంకె ఈ ఏడాది గడిలో. అది నాకు తెలిసింది పరీక్ష అయిపోయిన తరవాత. జిరాక్సు సెంటర్ మీద, ఛానల్ మీద బతికే పిల్లలు సోమరులని తిట్టేవాళ్ళు హనుమకొండ నైంనగర్‌లో ఒక నెల రూం తీసుకుని, మెస్సు బిల్లు కట్టి, ఆ తరవాత మాట్లాడితే బాగుంటుంది. ఇప్పుడు ఫోన్లో ఏది అడిగినా జవాబు చెప్పే యాప్‌లు కూడా వచ్చాయి, అవీ మా సీనియర్లలాగే తడుముకోకుండా చెబుతాయి, తెలిసినా తెలియకపోయినా ఒకటే గొంతు.

మా చిన్నమ్మ కొడుకుది ఇంకో కథ. వాడు డీఎస్సీకి చదివాడు, 2024లో 11,062 పోస్టులతో వచ్చిందే, దానికి. ఒకటి నుంచి అయిదు దాకా ములుగు దిక్కు వాళ్ళ ఊళ్ళో, ఆరు నుంచి పది హనుమకొండలో హాస్టల్లో ఉండి చదివాడు. ఏ జిల్లా పోస్టులకి సొంతవాడి కింద లెక్కేస్తారో ఆ లోకల్ అంటే నాలుగో తరగతి నుంచి పదో తరగతి వరకు ఎక్కడ చదివితే అక్కడ అని వాళ్ళ సార్లు చెప్పారు, పాత లెక్క అదే. ఆ లెక్కన వాడు హనుమకొండ లోకల్. హనుమకొండలో ఎన్ని పోస్టులు, ఎంతమంది పోటీ, కటాఫ్ ఎంత ఉండొచ్చు, అన్నీ గోడ మీద రాసుకున్నాడు. 2018 రాష్ట్రపతి ఉత్తర్వులతో అది ఒకటి నుంచి ఏడుకి మారిందని వాడికి అప్లికేషన్ నింపేటప్పుడు తెలిసింది, అందులో నాలుగేళ్ళు ఎక్కడ చదివితే ఆ జిల్లా. అంటే వాడు ములుగు.  వాడు చదివిన చిన్న స్కూలు ఎప్పుడో మూతపడింది, అక్కడ చదివినట్టు బోనఫైడ్ సర్టిఫికెట్ కోసం మండల ఆఫీసు చుట్టూ తిరగడంలో చివరి రోజుల్లో వారం పోయింది. చదువులో తప్పు చెయ్యలేదు వాడు, ఒక్క ముక్క కూడా. ఏ గీత మీద నిలబడి పరుగెత్తాలో అదే తప్పు తెలుసుకున్నాడు.

వాళ్ళ సార్లని మోసగాళ్ళు అనలేను. వాళ్ళ కాలంలో నాలుగు నుంచి పదే. ఎకానమీ వదిలెయ్యమన్న అన్న కూడా నా మంచి కోరే చెప్పాడు, ఆయన కూడా వదిలేశాడు, ఆయనకి కూడా రాలేదు. ఆ మాట ఎవరు మొదలుపెట్టారో అడిగితే ఇంకో అన్న పేరు చెప్పాడు. మనకి తప్పు చెప్పేవాళ్ళలో ఎక్కువమంది మనవాళ్ళే, అందుకే ఎదురు అడగడానికి మొహమాటం. డబ్బు కోసం చెప్పేవాళ్ళు వేరే ఉన్నారు. నోటిఫికేషన్ పదిహేను రోజుల్లో వస్తుందని పుకారు రాగానే ‘ఫాస్ట్ ట్రాక్ బ్యాచ్’ బోర్డు కట్టేవాళ్ళు, నోటిఫికేషన్ రాకపోయినా ఫీజు తిరిగి ఇవ్వనివాళ్ళు. పోస్టులు 2000కి పెరుగుతున్నాయన్న పుకారు కూడా అలాంటి ఒక బ్యాచ్ మొదలయ్యే వారంలోనే మా గ్రూపుల్లో తిరిగింది. గ్రూప్-1లో 503 పోస్టులు రద్దై కొత్తగా వచ్చేసరికి 563 అయ్యాయి కాబట్టి మాకు అది నమ్మదగ్గట్టే కనిపించింది. గ్రూప్-2 చివరిదాకా 783 దగ్గరే ఉంది.

ర్యాంకు వచ్చినవాళ్ళ ఇంటర్వ్యూల గురించి కూడా ఒక మాట. రోజుకి నాలుగు గంటలే చదివానని ఒకరు, పద్దెనిమిది గంటలని ఒకరు, ఒక్క పుస్తకమే అని ఒకరు. ఎవరూ అబద్ధం చెప్పడం లేదు. కానీ అదే పద్ధతిలో చదివి పోయినవాణ్ణి పిలిచి ఎవరూ మైకు పెట్టరు కదా, పోయినవాడి పద్ధతి మనకి ఎట్లా తెలుస్తుంది? నన్ను పిలిస్తే నేను చెబుతాను, పత్తి చేనుతో సహా.

నాకు కళ్ళు తెరిపించింది మాత్రం కీ. పరీక్ష సాయంత్రమే కోచింగ్ వాళ్ళ కీలు నాలుగైదు వచ్చాయి, ఒకదానికి ఒకటి పొసగలేదు, నా మార్కులు ఒక్కో కీకి ఒక్కోలా పెరుగుతూ తగ్గుతూ ఉన్నాయి. నేను సహజంగానే ఎక్కువ వచ్చిన కీని నమ్మాను. తరవాత అసలు ప్రాథమిక కీ వచ్చింది, అభ్యంతరాలుంటే ఆధారం జతచేసి పంపమన్నారు. మూడు ప్రశ్నల మీద నాకు గట్టి అభ్యంతరం. ఆధారం కోసం వెతికితే నా దగ్గర ఉన్నవి ఒక గైడు, ఒక ఛానల్ పీడీఎఫ్, ఒక నోట్సు జిరాక్సు. వీటిని ఎవరికి చూపించను? హనుమకొండ లైబ్రరీలో ఒక పూట కూర్చుని తెలుగు అకాడమీ పుస్తకాలు తిరగేశాను. రెండింటిలో నాదే తప్పు, మూడోదాంట్లో ఏదీ దొరకలేదు. రెండేళ్ళు చదివినదానికి ‘ఎక్కడుంది ఇది?’ అని నన్ను నేను అడగడం అదే మొదటిసారి. పుస్తకం పేజీ నంబరు రాసుకోవడం అనే అలవాటు అప్పుడు మొదలైంది, ఇప్పుడు నా నోట్సులో ప్రతి అంకె పక్కన చిన్నగా ఏ ఏడాది లెక్క, ఎక్కణ్ణుంచి అని ఉంటుంది. దీనివల్ల స్పీడు సగానికి పడిపోయింది. రోజుకి నలభై పేజీలు చదివేవాణ్ణి ఇరవై దాటడం లేదు. పాత అంకెలు బుర్రలోంచి తియ్యడం ఇంకా కష్టంగా ఉంది, 1,14,840 ఇప్పటికీ ముందొస్తుంది, దాన్ని పక్కకి తోసి రెండోది తెచ్చుకోవాలి.

ఇప్పుడు ఒక ప్రైవేటు స్కూల్లో సోషల్ చెబుతున్నాను, సాయంత్రం లైబ్రరీకి పోతాను. ఛానల్లోంచి బయటికి వచ్చేశాను. అంటే, రెండుసార్లు వచ్చి మళ్ళీ చేరాను, మూడోసారి వచ్చేశాను. నిజం చెప్పాలంటే మొదటి వారం చాలా టెన్షన్, అందరికీ తెలిసింది నాకు ఒక్కడికే తెలియకుండా పోతోందని.

మొన్న లైబ్రరీ బయట చాయ్ దగ్గర పరకాల నుంచి వచ్చిన ఒక తమ్ముడు కలిశాడు. డిగ్రీ అయిపోయింది, కొత్తగా చేరాడు. ‘అన్నా, మీరు చానా రోజులసంది ఉన్నరు కదా, గ్రూప్-2 మళ్ళ ఎప్పుడు పడ్తది?’ అన్నాడు. తెల్వదు తమ్మీ అన్నాను. ‘ఉజ్జాయింపుగ?’ అన్నాడు. నోటిఫికేషన్ వస్తేనే తెలుస్తది అన్నాను. ‘పోస్టులన్న ఎన్నుంటయి?’ అదీ తెల్వదన్నాను. వాడు నన్ను ఒకసారి జాలిగా చూసి, చాయ్ గ్లాసు పక్కన పెట్టి, అవతల బండి మీద కూర్చున్న ఇంకో అన్న దగ్గరికి పోయాడు. ఆ అన్న వేళ్ళు మడిచి నెలలు లెక్కపెట్టడం నాకు ఇక్కడికి కనిపించింది.